ఆమె, నా మీద

పాడకూడదు, మాట్లాడకూడదు, గుసగుసలాడడం అసలే కూడదు, దగ్గొస్తే నీళ్ళు తాగి అణుచుకోవాలి అని డాక్టరు చెప్పిన రోజు నుంచీ మణిమాల తలలో పాట ఆగడం లేదు. ఇప్పుడు కూడా అంతే. బర్మాలో, పబేడాన్ పేటలో ఓ పాత మేడ మూడో అంతస్తులో ఉన్న ఈ చెవి, ముక్కు, గొంతు క్లినిక్కులో ప్లాస్టిక్ కుర్చీ అంచున కూర్చుని ఉంది. కరెంటు లేదు, ఫ్యాను లేదు. కింద ఫుట్‌పాత్ మీద వరసగా పెట్టిన జనరేటర్లన్నీ కలిసి ఒకే శ్రుతిలో మోగుతున్నాయి, ఆ శ్రుతి పట్టుకుని పాట దానంతటదే ఎత్తుకుంటుంది, పల్లవి అయిపోయి చరణంలోకి వెళ్తుంది, ఆ పైస్వరం దగ్గరికి వచ్చేసరికి గొంతు కండరాలు వాటంతటవే బిగుసుకుంటాయి, వద్దు వద్దు, పాడుతున్నట్టు అనుకున్నా గొంతు కదులుతుందని డాక్టరు చెప్పింది, అయితే ఇక అనుకోకుండా కూడా ఉండాలా, అది ఎలా సాధ్యం, ఊపిరి పీల్చకుండా ఉండమన్నట్టే ఉంది. లేచి కిటికీ దాకా వెళ్ళింది, మళ్ళీ వచ్చి కూర్చుంది. చేతిలో ఫోను వెలిగింది, బ్యాండులో గిటారు వాయించే కో తీహా. శనివారం సంగతి ఏమిటి, డాక్టరు సయామా ఏం చెప్పింది, ఇంకా లోపలికి పిలవలేదా. ఇంకా లేదు అని టైపు చేసి ఫోను తిరగేసి ఒళ్ళో పెట్టుకుంది. ఒక నిమిషం తర్వాత మళ్ళీ తిప్పి చూసింది.

పక్క కుర్చీలో అమ్మ, సూర్యావతి, కాళ్ళు రెండూ పైకి మడిచి పెట్టుకుని ఇంట్లో కూర్చున్నట్టే కూర్చుంది. ఈ రెండు వారాల పైచిలుకూ అమ్మే మణిమాల నోరు. సందు మొదట్లో దోసెల బండి దగ్గర ఎవరైనా పలకరిస్తే అమ్మే జవాబు, మేడ మీద నీళ్ళ కోసం గొడవొస్తే అమ్మే, బస్సులో కండక్టరుతో అమ్మే. అడిగినదానికి ఒక ముక్క ఎక్కువే చెబుతుంది. మణిమాల కళ్ళు పెద్దవి చేసి ఆపమంటే, అది ఇంకా చెప్పమన్నట్టు అర్థం చేసుకుని మరో రెండు ముక్కలు కలుపుతుంది. తన మాటలు ఇంకొకరి నోట్లోంచి, అదీ వాళ్ళకు తోచినట్టు, వస్తుంటే వినడం ఎలా ఉంటుందో ఇదివరకు తెలియదు. ఒంటికి పట్టని జాకెట్టు తొడుక్కున్నట్టు ఉంది.

ఎదురు మేడ రెండో అంతస్తులో జపాను భాష నేర్పే బడి. ఈ ఊళ్ళో ఇప్పుడు సందుకొకటి. కిటికీలన్నీ తెరిచే ఉన్నాయి, లోపల పిల్లలంతా అటుపోయే రోజు కోసం నేర్చుకుంటున్నవాళ్ళు, ముసలివాళ్ళకు సేవచేసే పనులకు, హోటళ్ళకు, ఫ్యాక్టరీలకు. వాక్యాలు వల్లించడం అయిపోయినట్టుంది, పాట మొదలుపెట్టారు. పోయినేడాది నుంచి ఫోనుల్లో ఎక్కడ చూసినా అదే, ఏదో బొమ్మల సీరియల్ చివర వచ్చే పాట, వేగం, పరుగు, ఊపిరి పీల్చుకునే చోటే ఉండదు. నలభై గొంతులు ఒకేసారి, ఒక్కటీ సరిగ్గా లేదు. మాట చివర అచ్చును తుంచేస్తున్నారు. బర్మా నోటికి అది అలవాటు, మాటను చటుక్కున మూసేస్తుంది. జపాను మాట తలుపు తెరిచి ఉంచుతుంది, తెలుగు మాట లాగే. సాకురా, కోకోరో, దాదాపు అన్నిటికీ చివర అచ్చే. చిన్నప్పుడు పజుండౌంగ్ గుడి వెనక ఆదివారం బడిలో నేర్పిన తెలుగు అక్షరాలు దేనికి పనికొస్తాయిరా అనుకున్నవి తనకు అందుకే పనికొచ్చాయి. జపాను పాట ఏదైనా తెలుగు అక్షరాల్లో రాసుకుంటే ఒక్క శబ్దం పోదు. మొదటిసారి విన్న జపాను పెద్దమనిషి ఒకాయన, బోటాటౌంగ్ హోటల్లో, పాట అయిపోయాక దగ్గరికొచ్చి నువ్వు మా దేశంలో ఎన్నేళ్ళు ఉన్నావు అని అడిగాడు. ఒక్కరోజూ లేదు. ఆయన నమ్మలేదు. ఆ తర్వాత ఊళ్ళో గొడవలయ్యాక ఆయనలాంటివాళ్ళంతా వెళ్ళిపోయారు, హోటలు లాంజి మూతపడింది. ఇప్పుడు వినేది ఈ పిల్లలే. మూడో వరసలో ఎవరో మరీ తక్కువ శ్రుతిలో పాడుతున్నారు, లేచి కిటికీలోంచి అరిచి చెప్పాలనుంది, పైకి ఎత్తండి, చివర అచ్చు వదలకండి, ఇదిగో ఇలా. మణిమాల పళ్ళు బిగబట్టి ఒడిలో చెయ్యి మీద చెయ్యి వేసి నొక్కుకుంది.

ఈ పాటల పిచ్చి ఎక్కడ మొదలైందని బ్యాండులో వాళ్ళు అడిగితే రేవులో అంటుంది, వాళ్ళు నవ్వుతారు. అది నిజమే. అయ్య బాబూరావు బోటాటౌంగ్ రేవులో సరుకు దించే కంపెనీలో పని. ఓడల్లో జపాను పాత కార్లు వచ్చేవి, వాటిని ఒక్కొక్కటే దింపి, తుడిచి, వరసలో నిలబెట్టాలి. ఆ కార్లను అమ్మేసినవాళ్ళు లోపల ఏవేవో మరిచిపోయేవారు. గొడుగు, పిల్లల బొమ్మ, దేవుడి తాయెత్తు. పాట పెట్టెలో ఇరుక్కున్న సీడీలు. కారు కొనుక్కునే పెద్దమనుషులకు అవి అక్కర్లేదు, పారేసేవారు. అయ్య ఏరి తెచ్చేవాడు. ఒక్కదానికీ అట్ట ఉండేది కాదు, పాడిందెవరో ఆడో మగో తప్ప ఏమీ తెలిసేది కాదు. గిటారు గరగరలాడే పాటలు, పదిమంది ఆడపిల్లలు ఒకేసారి కేరింతలు కొట్టినట్టు పాడేవి, వయోలిన్ల మధ్య ఎవరో పెద్దావిడ గొంతు వణికిస్తూ ఏడ్చినట్టు పాడేవి. ఆ వణుకు అమ్మకు నచ్చేది, మన హరికథల్లో లాగుందే అనేది. అయ్య మాత్రం అవి వింటూ ఇంజను సంగతి చెప్పేవాడు, ఇది తెల్ల వ్యానులోది, ఇది ఎర్ర కారులోది, దాని బ్రేకు బాగులేదు. ఇప్పటికీ ఊళ్ళో టాక్సీ ఎక్కితే, డ్రైవరు తాళం తిప్పగానే, లోపల ఏదో ఆడగొంతు మర్యాదగా జపాను భాషలో ఒక వాక్యం చెబుతుంది. ఏదో టోలుగేటు కార్డు పెట్టలేదని. ఎవరూ పెట్టరు. ఇరవై ఏళ్ళుగా ఆ గొంతు ఈ ఊళ్ళో అడుగుతూనే ఉంది. మణిమాలకు ఆ గొంతు మీద జాలి.

అయ్య గుర్తొస్తే ఆ జులై గుర్తు రాకుండా ఉండదు, రెండూ జంటగానే వస్తాయి. ఊరంతా దగ్గుతున్న వానాకాలం. ఆసుపత్రుల్లో చోటు లేదు, గాలి సిలిండరు కావాలంటే నింపేచోట వరసలో నిలబడాలి. తెల్లారకముందే ఖాళీ సిలిండరు సైకా రిక్షా మీద వేసుకుని వెళ్ళింది, అప్పటికే వరస వీధి మలుపు దాటి ఉంది. గొడుగు లేదు. చెవుల్లో పాట పెట్టుకుని నిలబడింది, ఏ పాటో గుర్తులేదు, నిలబడి ఉండడానికి అది ఒక కర్ర లాగ సాయపడింది. సిలిండరు నిండి ఇంటికి తెచ్చేసరికి మెట్ల మీద చెప్పుల గుంపు. గడప దగ్గర అమ్మ. ఏడవలేదు, అరవలేదు, మామూలు గొంతుతోనే అంది, నువ్వు ఇంకాస్త బేగి ఎళ్ళుంటే బతికేవోడు. అంతే. మళ్ళీ ఆ మాట ఎన్నడూ ఎత్తలేదు. ఆ సాయంత్రమే మణిమాలకు జ్వరం వస్తే రాత్రంతా తడిగుడ్డ వేసింది, దగ్గర పడుకోబెట్టుకుంది. అమ్మ ఆ మాట మరిచిపోయిందనే మణిమాల అనుకుంటూ వచ్చింది. దుఃఖంలో ఏదో అంది, దానికేముంది. తను మాత్రం మరవలేదు. అప్పుడప్పుడు రెండు పాటల మధ్య ఖాళీలో అది వినిపిస్తుంది, అందుకే ఖాళీ ఉంచదు.

మళ్ళీ ఫోను వెలిగింది. తీహా. హాలు వాళ్ళు రేపటికల్లా పేరు ఖాయం చెయ్యమంటున్నారు, భాషా బళ్ళన్నీ కలిసి చేస్తున్న పండగ, వెయ్యిమంది వస్తారు, మన బ్యాండుకు ఇంతవరకు ఇంత పెద్ద వేదిక దొరకలేదు, నీకు తెలుసు. తెలుసు. మ జయంతి పాట నేర్చుకుంటోంది, కేవలం జాగ్రత్త కోసం. కేవలం జాగ్రత్త కోసం, మంచి మాట. ఇక్కడి మర్యాదకు మ అంటారు గానీ జయంతి గంజాం వాళ్ళమ్మాయి, పందొమ్మిదేళ్ళుంటాయి, గొంతు కొత్త గాజులా ఉంటుంది, ఎక్కడా గీత లేదు. తనను అక్కా అని పిలుస్తుంది, ఊపిరి ఎక్కడ పీల్చాలో తనే నేర్పింది. ఆ పిల్ల మీద కోపం రావడంలేదు, అదే విసుగ్గా ఉంది, కోపమొస్తే బాగుండేది, కూర్చోడానికి ఒక చోటు దొరికేది. ఆ పాట తనది. ఫోనులో ఎక్కడో అడుగున దొరికితే తను పట్టుకొచ్చింది, నలభై ఏళ్ళ కిందటి పాట, పాడినావిడ పేరు అక్కడా లేదు. రాత్రి, ఊరు, దీపాలు, ఆగని వాన, కన్నీళ్ళు, అంతే సరుకు, అలాంటివి వందలున్నాయి, కానీ పల్లవి చివర ఒక మెట్టు ఉంది, అనుకున్నదానికంటే ఒక అడుగు పైకి ఎక్కి అక్కడ నిలబడుతుంది, దిగదు. ఆ మెట్టు కోసం పోయినేడాది వానాకాలమంతా సాధన చేసింది. ఇంట్లోనే, వెనకగదిలో. ఒకరోజు అమ్మ దోసెల పిండి రుబ్బుతూ రుబ్బుతూ ఆపేసి వచ్చి గుమ్మంలో నిలబడింది. ఆ పాట ఇంట్లో పాడకు. ఎందుకని అడిగితే చెప్పలేదు. అన్ని పాటలూనా అంటే, ఇంకేటైనా పాడుకో, అది మాత్రం ఒల్ల. జపాను పాటలంటే ఇన్నాళ్ళకు విసుగొచ్చిందేమో అనుకుంది, కూతురు తలవంపులు తెస్తోందని ఎవరో గుళ్ళో అని ఉంటారనుకుంది, పౌరుషం వచ్చింది. మేడ మీద నీళ్ళట్యాంకు పక్కన పాడటం మొదలెట్టింది. అక్కడ నాలుగువైపులా జనరేటర్లు. తన గొంతు తనకు వినపడాలంటే వాటిని మించి అరవాలి. నెలల తరబడి అరిచింది. పోయిననెల వేదిక మీద, సరిగ్గా ఆ మెట్టు దగ్గర, గొంతులోంచి గాలి తప్ప ఏమీ రాలేదు. వినేవాళ్ళు మైకు పాడైందనుకున్నారు.

ఇంతలో మెట్ల మీంచి ఆయాసపడుతూ ఓ ముసలావిడ వచ్చి సూర్యావతికి అటుపక్క కూలబడింది. జరీ వెలిసిపోయిన చీర, ముక్కుకు రెండువైపులా పుడకలు, చెవిలో దూది. పేరు అప్పలనరసమ్మ, కూర్చున్న కాసేపటికే తేలింది. బోటాటౌంగ్‌లో కొడుకు దగ్గర ఉంటుంది, చెవులు వినిపించవు. అమ్మకు తెలుగు మనిషి దొరికింది, ఇక చెప్పాలా.

“ఏటైనాది ఈ గుంటకి? పలకదేటి?”

“గొంతు పోనాది, అప్పా.”

“ఆఁ?”

“గొంతు” అని సూర్యావతి గట్టిగా అంది, గదిలో ఉన్న పదిమందీ ఇటు తిరిగారు. “పాడి పాడి పోనాది. మా గుంట పాటలు పాడతాది. జపానోల పాటలు.”

మణిమాల ఉలిక్కిపడింది. ఇంతకాలం ఎవరడిగినా అమ్మ చెప్పేది ఒకటే, దోసెల బండి సూసుకుంటాది అని. పాటలని ఎవరికీ చెప్పింది లేదు. ఆ మాట ఇంత బిగ్గరగా, ఇంత మంది మధ్య. సంతోషపడాలా, తల దించుకోవాలా తెలియక చెప్పుల వైపు చూసింది.

“పెద్ద పెద్ద హాల్లలో పాడతాది. ఆల భాషలోనే. కానైతే అప్పా, ఒక పాట మాత్రం తెలుగులో కట్టినాది” అంది అమ్మ. మణిమాల తలెత్తింది. తెలుగులోనా. తనెప్పుడు కట్టింది.

“అందులో ఏటుంది?” అంది ముసలావిడ చెవి దగ్గరికి తెచ్చి.

“నా సంగతే ఉంది.” అమ్మ గొంతు తగ్గించబోయి, వినపడదని గుర్తొచ్చి, మళ్ళీ పెంచింది. “ఆలయ్య పోయిననాడు నానొక మాటన్నాను అప్పా. ఈ గుంట గాలి సిలిండరు కోసరం పొద్దుట్నించి వానలో నిలబడి ఒచ్చినాది. ఒచ్చీసరికి ఆయన నేడు. నువ్వు బేగి ఎళ్ళుంటే బతికేవోడే అన్నాను. నోటికొచ్చీసినాది. ఇది తిరిగి ఒక్క మాటననేదు. మనసులో ఎట్టుకున్నాది. పాట కట్టినాది. ఆమె, ఆమె, నా మీద, అని. పక్కగదిలో పాడతాంటే పిండి ముందు కూకుని ఇన్నాను. ఆ ఆమెను నానే.”

ముసలావిడ తల ఊపుతూ, “ఏదీ, పాడు” అంది.

సూర్యావతి పాడింది. చెవిటి మనిషికి వినపడేలా, గుళ్ళో భజనకు ఎత్తుకున్నట్టు, పదాలు ఒక్కొక్కటీ విడదీసి పాడింది. వరస ఒక్కచోట కూడా తప్పలేదు. మణిమాల నిలబడలేకపోయిన ఆ మెట్టు దగ్గర భజనలో అలవాటైన ఒక మెలిక తిప్పి, దాని మీద ఎక్కి, హాయిగా నిలబడింది. అమే, నామిదా. వాన, కన్నీళ్ళు. ఏడాదిగా మణిమాల పాడిన ఆ రెండు మాటలు అమ్మ నోట ఆమె అయ్యాయి, నా మీద అయ్యాయి. అర్థం ముందు తెలిసి నేర్చుకున్న మాటలు కావడంతో ఇంతకాలం తనకు అవి వానగా, కన్నీళ్ళుగా తప్ప వినిపించలేదు, ఇప్పుడు మాత్రం ఎంత ప్రయత్నించినా జపాను భాషలోకి తిరిగి వెళ్ళడం లేదు, గోడకు అటుపక్క పిండి ముందు కూర్చుని విన్నట్టే వినిపిస్తున్నాయి, ఆమె నా మీద, ఆమె నా మీద, రోజూ, వానాకాలమంతా, గొంతు చించుకుని, పాడింది చాలక ఇంకా పైకి ఎక్కి పాడి, అమ్మ ఆ గదిలో ఏమని పడుకుందో, ఎలా లేచి దోసెలు పోసిందో, ఆ పాట ఒల్ల అని ఎంత కూడదీసుకుని అని ఉంటుందో. మణిమాల అమ్మ మోచెయ్యి పట్టుకుని కుదిపింది. తల అడ్డంగా ఊపింది.

“సిగ్గేటే? మంచిగానే కట్టినావు” అంది అమ్మ.

కాదు, కాదు. ఫోను తీసి గబగబా టైపు చేసింది, వాన అంటే, అని మొదలెట్టి, అమ్మకు చదువు రాదని గుర్తొచ్చి, ముసలావిడ ముందు పెట్టింది. “నాకు అద్దాలు నేవమ్మా” అని ఆవిడ ఫోనును మెల్లగా పక్కకు నెట్టింది. మణిమాల నోరు తెరిచింది. గొంతు అంచుదాకా మాట వచ్చింది. అప్పుడే లోపలి గది తలుపు తీసి నర్సు పేరు పిలిచింది.

ముక్కులోంచి సన్నటి గొట్టం దింపారు. జనరేటరు మీద నడుస్తున్న చిన్న తెర మీద మణిమాల గొంతు కనిపించింది, తడిగా, గులాబీ రంగులో, తనది కానట్టు. “ఈ” అనమంది డాక్టరు. అంది. సన్నగా, మట్టి కొట్టుకుపోయినట్టు, కానీ వచ్చింది. రెండు వారాల కిందట బియ్యపు గింజల్లా ఉన్న బుడిపెలు నువ్వుగింజలంత అయ్యాయి, కత్తి అక్కర్లేదు అని డాక్టరు బర్మా భాషలో నిదానంగా చెప్పింది. రోజుకు నాలుగైదు వాక్యాలు, మామూలు గొంతుతో. పాట మూడు నెలలు వద్దు. మణిమాల ఫోనులో శనివారం అని టైపు చేసి చూపించింది. డాక్టరు చదివి, ఆమె కళ్ళలోకి చూసి, శనివారం పాడితే ఆ తర్వాత నా దగ్గరికి కాదు, పెద్దాసుపత్రికి వెళ్ళాలి అంది.

బయటికొచ్చి గోడకు ఆనుకుని నిలబడి, మ జయంతి చేత పాడించండి అని తీహాకు పంపింది. తర్వాత ఇంకొకటి పంపింది, పల్లవి చివర ఎక్కేముందు ఊపిరి దాచుకోమని చెప్పండి. ఏడుపు వస్తుందనుకుంది, రాలేదు, ఛాతీలో ఏదో ఖాళీగా, తేలిగ్గా, చలిగా ఉంది. అమ్మ ముసలావిడ దగ్గర సెలవు పుచ్చుకుని, రోజుకు నాలుగైదు మాటలేనని నర్సు చెప్పింది విని వచ్చింది. మెట్లు దిగుతున్నారు. రెండో అంతస్తు మలుపులో చీకటిగా ఉంది, ఇద్దరే ఉన్నారు.

“అమ్మా.”

సూర్యావతి ఆగిపోయింది. ఆ గొంతు విని కొంగుతో నోరు మూసుకుంది.

“ఆ పాట నాను కట్టనేదే, జపానోలదే” అంది మణిమాల. ప్రతి మాటకూ ముందు చోటు చూసుకుంటున్నట్టు ఆగి ఆగి అంది. “అమే అంటే ఆల భాషలో వాన. నామిదా అంటే కన్నీళ్ళు.”

కింద ఎవరో జనరేటరు ఆపారు, ఇంకొకటి మోగుతూనే ఉంది.

“వానా” అంది సూర్యావతి. “నా మీద కాదా.”

మణిమాల తల అడ్డంగా ఊపింది. అమ్మ మొహంలో ఏదో వదులైంది, కానీ కళ్ళు ఇంకా అలాగే ఉన్నాయి, కూతురి మొహం మీదనుంచి కదలలేదు.

“మరైతే ఆ మాట... మీ అయ్య పోయినపుడు నానన్నది... నీకు గేపకం నేదా?”

తల మరోసారి అడ్డంగా ఊపితే సరిపోయేది. అమ్మ దాని కోసమే చూస్తోంది, ఒక్క చిన్న కదలిక, నాలుగేళ్ళు చల్లబడిపోతాయి. మణిమాల అమ్మను చూసింది. మెల్లగా, అవునన్నట్టు ఊపింది.

సూర్యావతి గోడకు చెయ్యి ఆనించి నిలబడింది. “నాకూ గేపకమేనే” అంది. “రోజూ. పిండి కలిపినంతసేపూ అదే. అనకూడని మాటన్నాను. నీ తప్పేటుంది అందులో. నువ్వు గొడుగైనా నేకుండా నిలబడ్డావు.”

మణిమాలకు ఇప్పుడొచ్చింది ఏడుపు, శబ్దం లేకుండా. ఇంకా చెప్పాల్సింది చాలా ఉంది, నోరు తెరిచింది. అమ్మ చెయ్యెత్తి, పులిసిన పిండి వాసన వేసే ఆ అరచేత్తో, కూతురి నోరు మూసింది.

“సాలు. ఇయ్యాల్టికి నీ మాటలైపోనాయి” అంది. “రేపు సెప్పుదువు గాని. నానింటాను.”